మొండి ఒప్పుకోలేదు

వచ్చినామె తలుపు తట్టలేదు, బాదింది. గుమాస్తా చేతిలోని టీ తొణికి, ఆ పొద్దున్నే ఇస్త్రీ చేసి తొడుక్కున్న చొక్కా మీద పడింది. డిటెక్టివ్ ఆఫీసులో పదమూడేళ్ళుగా పనిచేస్తున్న ఆయన ఒక సంగతి కనిపెట్టాడు. మెల్లగా తట్టేవాళ్ళు అనుమానంతో వస్తారు. బాదేవాళ్ళకు నిజంగానే కొంప మునిగి ఉంటుంది.

అరవై దాటిన మనిషి. భుజాన గుడ్డసంచి, ముఖం నిండా చెమట.

“డిటెక్టివ్ మీరేనా?” అని గుమాస్తాను నిలదీసింది.

“కాదండీ, మా మేడమ్...”

“నేనే. కూర్చోండి. ముందు మంచినీళ్ళు తాగండి,” అంది కిటికీ దగ్గర కుర్చీలోంచి మేడమ్.

మేడమ్ పొట్టి మనిషి. గట్టిగా మాట్లాడదు. ఎదుటివాళ్ళు చెప్పేది చెవులతోనూ చెప్పనిది కళ్ళతోనూ వింటుందని గుమాస్తా నమ్మకం. ఈ మాట వినీ వినీ ఇంట్లో ఆయన భార్యకు చెవులు తూట్లు పడ్డాయి.

వచ్చినామె నీళ్ళు ముట్టుకోలేదు. “మా అక్క సైంటిస్టు. పక్క వీధి చివర మరమనుషుల పరిశోధనశాల ఉంది చూశారా, అక్కడ ముప్ఫై ఏళ్ళుగా పనిచేస్తోంది. అందరూ డాక్టరమ్మ అంటారు. మొన్న పొద్దున్న పదకొండు దాటాక తల పగిలి నేల మీద పడి ఉంది. ఇంతవరకు స్పృహ లేదు. అక్క చేసిందే ఒకటుంది, దాన్ని మొండి అంటాం. అదే కొట్టిందంటున్నారు.”

“మీరేమంటున్నారు?”

“నాకదంటే గిట్టదండీ. అది వచ్చాక అక్క నాతో మాట్లాడ్డమే తగ్గించేసింది. మాట్లాడినా మొండి ఇలా అంది, మొండి అలా అంది. పదకొండేళ్ళుగా అదే పాట. కాని అది కొట్టలేదు.”

“ఎలా చెప్పగలరు?”

“కొట్టేదైతే ముందు నన్ను కొట్టేది. దాన్ని నేను తిట్టిన తిట్లు అలాంటివి.”

గుమాస్తాకు నవ్వొచ్చింది, మేడమ్ ముఖం చూసి మింగేశాడు.

“రేపు పదింటికి దాని తల తెరిచి, లోపలి జ్ఞాపకాలన్నీ తోడేస్తారట,” అంది చెల్లెలు. ఇప్పుడు ఆమె గొంతులో కోపం పోయి భయం వినిపించింది. “తోడేశాక కూడా అది నడుస్తుంది, మాట్లాడుతుంది. కాని అది మొండి కాదు. మనిషిని చంపి శవానికి నడక నేర్పినట్టు, అనేది అక్క. రేపో ఎల్లుండో అక్క కళ్ళు తెరిచి మొండి ఏదని అడిగితే నేనేం చెప్పను?”

“తల తెరిస్తే ఎవరు కొట్టిందీ తేలిపోతుందిగా?”

“అందరూ అదే అంటున్నారు. అది మాత్రం చచ్చినా తెరవనివ్వనంటోంది. దాంతో అనుమానం ఇంకా బలపడింది. నిన్న పోయి గది కిటికీలోంచి బతిమాలాను. నేను, దాన్ని! వినలేదు. ‘అడగడం తెలిసినవాళ్ళనెవరినైనా తీసుకురండి, నోటితో అడిగినదానికి నోటితో చెప్తాను’ అంది.”

మేడమ్ లేచి చెప్పులు వేసుకుంది. గుమాస్తా చొక్కా మీది టీ మరక సంగతి మర్చిపోయి నోటు పుస్తకం అందుకున్నాడు.

*

పరిశోధనశాల పాత రెండంతస్తుల కట్టడం. కింద నడవాకు ఒక పక్క డాక్టరమ్మ గది, ఒక పక్క వర్క్‌షాపు, చివర డైరెక్టరు ఆఫీసు. గేటు పుస్తకం ప్రకారం మొన్న పది నుంచి పదకొండున్నర దాకా లోపల ఉన్నవాళ్ళు నలుగురే. డాక్టరమ్మ, డైరెక్టరు, వర్క్‌షాపు మేస్త్రి, అక్కకు క్యారియరు తెచ్చిన చెల్లెలు. ప్రమాద గంట మోగితే మేస్త్రి ముందు పరుగెత్తుకొచ్చాడు, తర్వాత చెల్లెలు, ఆ వెనక డైరెక్టరు. అరగంటలో ఇన్‌స్పెక్టరు వచ్చి, ఎవరూ ఏదీ ముట్టుకోకుండా గదికి సీలు వేశాడు. యంత్రం మీద కేసు పెట్టే సెక్షను ఆయన పుస్తకంలో లేదు గనక ప్రమాదమని రాసుకున్నాడు. ఇప్పుడు సీలు తీసి మేడమ్‌ను లోపలికి పంపడానికి పెద్దగా బెట్టు చేయలేదు.

“చూసుకోండి. ముట్టుకోవద్దు,” అని మాత్రం అన్నాడు.

గది మధ్యలో ఇనప పీట మీద మొండి నిలబడి ఉంది. ఆరడుగుల ఎత్తు, రంగు వెలిసిన బూడిదరంగు ఒళ్ళు. కుడి భుజం మూత తీసి ఉంది. నాలుగు బోల్టుల్లో మూడు పక్కనున్న పళ్ళెంలో ఉన్నాయి, ఒక్కదాని మీద చెయ్యి వేలాడుతోంది. ఎడమ అరచేయి నిండా ఎండిన నెత్తురు. పీట అంచున కూడా మరక.

గోడకు పెద్ద స్విచ్చి, దాని పక్కన మేకులకు మూడు తాళాలు. ఎరుపు, నీలం, పసుపు. మూడూ తెరిచి ఉన్నాయి, మూడింటికీ తాళంచెవులు వాటిలోనే ఉన్నాయి. మేడమ్ ఆ తాళాల ముందు చాలాసేపు నిలబడింది.

“ఇవేంటి?” అని గుమ్మంలో ఉన్న మేస్త్రిని అడిగింది.

మేస్త్రి చేతులు నూనెగుడ్డకు తుడుచుకున్నాడు. “ప్రాణానికి వేసుకునే తాళాలమ్మా. పీట మీదున్నంతసేపు మొండి ఒంటికి కరెంటు ఈ స్విచ్చి గుండానే, పీట దిగితే ఒంట్లోని పెద్ద బ్యాటరీతో నడుస్తుంది. మొండి ఒంటి మీద పనిచేసేవాళ్ళు ముందు స్విచ్చి ఆపి, దాని మీద ఎవరి తాళం వాళ్ళు వెయ్యాలి. ఎరుపు డాక్టరమ్మది, నీలం డైరెక్టరుగారిది, పసుపు నాది. పని అయ్యి మన తాళం మనం తీసుకునేదాకా ఇంకెవరూ కరెంటు ఇవ్వలేరు.”

“చెవి ఇందులోనే వదిలేశారే?”

“ఆ తాళం తయారీయే అంతమ్మా. నొక్కి వేస్తేగాని చెవి బయటికి రాదు. తెరిచి ఉన్నంతసేపూ అందులోనే ఇరుక్కుని ఉంటుంది. మేకుకున్నప్పుడు చెవి తాళంలో, స్విచ్చికున్నప్పుడు చెవి మన దగ్గర. మరిచిపోయే వీలే లేదు.”

“డాక్టరమ్మ చెవి ఎక్కడ పెట్టుకునేవారు?”

మేస్త్రి తన తల వెనక తట్టుకున్నాడు. “కొప్పులో. పెన్సిలూ అక్కడే, చెవీ అక్కడే. వంగితే జేబులోంచి జారి యంత్రంలో పడుతుందని. ఆవిడ కొప్పు చూస్తే చాలు, ఆ పూట పనుందో లేదో తెలిసిపోయేది.”

“మొన్న పదకొండప్పుడు మీరెక్కడున్నారు?”

“లేతు మిషను మీద. సాక్షి ఎవరంటారా? లేతుని అడగండి. మొండి మాటే నమ్మనివాళ్ళు లేతు మాట నమ్ముతారా?” అని మేస్త్రి విసురుగా అన్నాడు. “ఆవిడకు చెయ్యెత్తే ముందు నా చెయ్యి నరుక్కుంటానమ్మా. నలభై ఏళ్ళ వయసులో చదువు నేర్పింది నాకు.”

గుమాస్తా ఇన్‌స్పెక్టరును అడిగి బల్ల మీది రిజిస్టరు తెరిచాడు. మొన్నటి తేదీ కింద డాక్టరమ్మ చేతిరాత. “కుడి భుజం పని. అడిగాను. సరేనంది. తాళం వేశాను.” వెనక్కి తిప్పితే పదకొండేళ్ళ పొడుగునా అదే వరస. కొన్నిచోట్ల మాత్రం “అడిగాను. వద్దంది. మానేశాను” అని ఉంది. ఆయన ఇంట్లో తన చొక్కా ఎవరైనా తనను అడిగి ఉతికారా అని ఆలోచించి, ఆ ఆలోచన అక్కడే ఆపేశాడు.

మేడమ్ మొండి ముందు నిలబడింది. “మిమ్మల్ని కొన్ని ప్రశ్నలు అడగొచ్చా?”

యంత్రాన్ని ‘మీరు’ అన్నందుకు గుమాస్తా కలం ఆగింది. మొండి తల తిప్పి ఆమెను చూసింది.

“అడగండి,” అంది. గొంతు నెమ్మదిగా, కొంచెం గరగరగా ఉంది.

“మొన్న ఏం జరిగింది?”

“పదిన్నరకు డాక్టరమ్మ స్విచ్చి ఆపి తాళం వేసింది. స్విచ్చి ఆపితే నాకు కళ్ళుండవు, నోరుండదు, చేతులూ కాళ్ళూ ఉండవు. తలలో చిన్న బ్యాటరీ ఉంది, దాంతో వింటాను, ఆలోచిస్తాను. మూడు బోల్టులు తీసింది. ఎవరో వచ్చారు. కాగితం చప్పుడు. అవతలి మాట లేతు మోతలో కలిసిపోయింది. ఆమె నా భుజం దగ్గర ఉంది కాబట్టి ఆమె మాట వినబడింది. ‘మళ్ళీ ఇదేనా? అది ఒప్పుకోలేదని చెప్పాను. నేను సంతకం పెట్టను.’ తర్వాత పెనుగులాట. ఆమె పడింది.”

“తర్వాత?”

“అడుగులు బయటికి వెళ్ళాయి. నాలుగు నిమిషాలకు తిరిగొచ్చాయి. ఆ నాలుగు నిమిషాలూ ఆమె ఊపిరి వింటూ నిలబడ్డాను. అరవడానికి నోరు లేదు. తాళం చప్పుడైంది, వెలుతురొచ్చింది. చూపు కుదురుకునేసరికి ఆమె తప్ప ఎవరూ లేరు. కాలితో గంట మీట తొక్కి, ఎడమ చేత్తో ఆమె గాయం నొక్కి పట్టుకున్నాను.”

“ఇదంతా ఇన్‌స్పెక్టరుకు చెప్పారా?”

“చెప్పాను. యంత్రం మాట సాక్ష్యం కాదన్నారు.”

“కాని యంత్రం తలలోది తోడితే సాక్ష్యమా?”

“అవునట,” అంది మొండి. “అది నాకూ అర్థం కాలేదు.”

“తెరవనిస్తే గంటలో బయటపడతారు. ఎందుకు వద్దంటున్నారు?”

“తప్పు చేయనివాళ్ళకు భయమెందుకు అంటారు అందరూ. అన్నవాళ్ళు రాత్రిళ్ళు వాళ్ళ ఇంటి తలుపు తీసిపెట్టి పడుకుంటారా? పదకొండేళ్ళు డాక్టరమ్మ నాతో మాట్లాడింది. అందులో చెల్లెలికి చెప్పనివి ఉన్నాయి, తనకు తానే ఒప్పుకోనివీ ఉన్నాయి. నాకు స్క్రూ బిగించడానికి కూడా ఆమె అడిగేది. ఇప్పుడు ఆమెను అడగడానికి లేదు. అడక్కుండా ఆమె మాటలు పదిమంది ముందు గుమ్మరిస్తే నేను మనిషినీ కాదు, యంత్రాన్నీ కాదు. చాడీకోరుని.”

“రేపు బలవంతంగా తెరిస్తే?”

“వాళ్ళకు స్క్రూడ్రైవర్లున్నాయి, నాకు లేవు. తెరవగలరు. నేను సరేనన్నానని మాత్రం రాసుకోలేరు.”

గుమాస్తా రాస్తున్నవాడల్లా తలెత్తి చూశాడు. కేసుల్లో ఎందరో నిర్దోషులు ఏడ్వడం, కాళ్ళు పట్టుకోవడం చూశాడు. ఇలా నిటారుగా నిలబడినవాళ్ళను వేళ్ళ మీద లెక్కపెట్టొచ్చు.

“మీ మాట నేను నమ్ముతున్నాను,” అంది మేడమ్. “కాని రేపు దాన్ని వాడను. వాడితే యంత్రం మాట అని కొట్టిపారేస్తారు. ఒక్కటి చెప్పండి. ఆమె తాళంచెవి ఎక్కడ పెట్టుకునేది?”

“కొప్పులో,” అంది మొండి.

*

డైరెక్టరు ఆఫీసులో ఏసీ చల్లగా ఉంది, మనిషి అంతకన్నా చల్లగా ఉన్నాడు. ఒకప్పుడు డాక్టరమ్మ శిష్యుడే. స్క్రూడ్రైవరు పట్టడం ఆవిడ దగ్గరే నేర్చాడు. ఎనిమిదేళ్ళుగా మాత్రం ఫైళ్ళు తప్ప ఏదీ పట్టలేదు.

“ఆవిడ నాకు తల్లిలాంటిది. కాని నిజం దాచకూడదు కదండీ. వయసైపోయింది, మతిమరుపు. తాళం వెయ్యకుండా పనికి కూర్చుంది. చెయ్యి విసురుగా తగిలింది.”

“మా అక్కకు మతిమరుపా?” అని చెల్లెలు లేచింది. “నువ్వు పరీక్ష తప్పిన ఏడాది ఏ ప్రశ్నకు ఏం రాశావో ఇప్పటికీ చెప్తుంది!”

డైరెక్టరు వినిపించుకోలేదు. “తాళం వేశానని రాసింది కదా అంటారు. అలవాటుగా రాసేసింది. తాళం మేకుకు ఉంది, స్విచ్చి వేసి ఉంది. కళ్ళ ముందున్న సంగతి.”

“తాళం వేసినప్పుడు ఆవిడ చెవి ఎక్కడ పెట్టుకునేవారు?”

“కోటు జేబులో. అందరం అక్కడే పెట్టుకుంటాం. రూలు.”

“డూప్లికేట్లు ఉంటాయా?”

“ఒక్కో తాళానికి ఒక్కటి. అన్నీ నా బీరువాలోనే. బీరువా చెవి నా దగ్గర తప్ప ఎక్కడా ఉండదు. మా దగ్గర క్రమశిక్షణ అలాంటిది మేడమ్,” అని గర్వంగా అన్నాడు. “మేస్త్రిని అడిగారా? అతను బయటికి చెప్పడుగాని, మొండి వచ్చాక తన పని తగ్గిందని అతనికి కడుపుమంట.”

“తల తెరిచాక ఆ జ్ఞాపకాలు ఎవరు చూస్తారు?”

“మా సాంకేతిక విభాగం. నా పర్యవేక్షణలో.”

“వాటితో ఇంకేమైనా చేస్తారా?”

మొదటిసారి ఆయన కళ్ళలో వెలుగొచ్చింది. “ఒక్క మొండి ఉంటే ఎవరికి లాభం చెప్పండి? ఆ తల ఒకసారి చేతికొస్తే నూరు చెయ్యొచ్చు. డాక్టరమ్మ ఒప్పుకోలేదు. అది వద్దందట!”

మేడమ్ నమస్కారం పెట్టి బయటికొచ్చింది. గుమాస్తా మెల్లగా, “మేస్త్రి మీద నాకూ కొంచెం...” అన్నాడు.

“మీకు ప్రతి కేసులోనూ నూనె చేతులవాళ్ళ మీదే అనుమానం గుమాస్తాగారూ. తెల్లచొక్కా మీద మరకలు పడవా?”

గుమాస్తా నోటు పుస్తకంతో తన చొక్కా మీది మరక కప్పుకున్నాడు.

ఆస్పత్రిలో డాక్టరమ్మ తల చుట్టూ కట్టు, కట్టు కింద బోడిగా కత్తిరించిన తల. కుట్లు వేసిన డాక్టరు నడవాలోనే నిలబడి చెప్పాడు. “ఇనప అంచు తగిలిన గాయం. వెనక్కి పడింది. ఎవరో గాని గాయాన్ని సరిగ్గా, గట్టిగా నొక్కి పట్టుకున్నారు. లేకపోతే దారిలోనే పోయేది.”

వార్డు నర్సు ఆమె వస్తువులు తెచ్చి చెల్లెలి చేతిలో పెట్టింది. మడిచిన కోటు, ఒక కాగితం కవరు. కోటు విప్పితే రెండు జేబులూ లోపలి గుడ్డ బయటికి తిరగబడి ఉన్నాయి.

“మీరు వెతికారా?” అని మేడమ్ అడిగింది.

“లేదండీ. తెచ్చినప్పుడే అలా ఉన్నాయి. వచ్చినవి వచ్చినట్టు మడిచి పెట్టాం.”

కవరులో కళ్ళజోడు, పొట్టి పెన్సిలు, చిన్న తాళంచెవి. “జుట్టు కత్తిరించేటప్పుడు కొప్పులోంచి పడ్డాయి,” అంది నర్సు.

“అక్క ఏ చెవైనా కొప్పులోనే దోపుకుంటుంది. ఇది ఇంట్లో ఏ పెట్టెదో అయ్యుంటుంది,” అని చెల్లెలు సంచిలో వేసుకోబోయింది.

మేడమ్ ఆమె చెయ్యి పట్టుకుని ఆపింది. “కవరుతో పాటు, ఈ నర్సమ్మ సంతకంతో పాటు, ఇది రేపటిదాకా నాకివ్వండి.”

*

మర్నాడు తొమ్మిదిన్నరకు డాక్టరమ్మ గదిలో అందరూ చేరారు. సంస్థ అధ్యక్షురాలు మధ్యలో కుర్చీ వేయించుకుంది. డైరెక్టరు వెనక సాంకేతిక విభాగం వాళ్ళిద్దరు పనిముట్ల పెట్టెతో సిద్ధంగా ఉన్నారు. మేస్త్రి గోడకు ఆనుకున్నాడు. చెల్లెలు ఎవరూ చెప్పకుండానే పోయి మొండికీ ఆ పెట్టెకూ మధ్య నిలబడింది. ఇన్‌స్పెక్టరు గడియారం చూసుకుంటున్నాడు.

“అరగంట ఉంది,” అంది అధ్యక్షురాలు. “చెప్పండి.”

“మొండి తల తెరవకుండా, అది చెప్పిన ఒక్క మాట వాడకుండా చెప్తాను,” అంది మేడమ్. “ముందుగా ఈ చెయ్యి చూడండి. పని జరుగుతున్నది కుడి భుజానికి, మూడు బోల్టులు పళ్ళెంలో ఉన్నాయి. ఆ చెయ్యి విసిరితే ఎదుటివాళ్ళకు తగిలేలోపు ఊడి కింద పడుతుంది. నెత్తురున్నది ఎడమ చేతికి, అదీ అరచేతిలో. దెబ్బ తగిలింది ఇనప పీట అంచు వల్ల. గాయాన్ని ఎవరో నొక్కి పట్టబట్టే ఆవిడ బతికిందని డాక్టరు రాసిచ్చారు. ఇక్కడ నొక్కి పట్టిన చెయ్యి ఇంకెవరిది?”

“కొట్టి, తర్వాత పట్టుకుందేమో,” అన్నాడు డైరెక్టరు.

“కొట్టాలంటే కరెంటుండాలి. డాక్టరమ్మ తాళం వెయ్యలేదని మీరన్నారు. వేసింది.” మేడమ్ కవరులోంచి చెవి తీసి పైకెత్తింది. “ఈ తాళం వేస్తేగాని చెవి బయటికి రాదు. ఈ చెవి ఆస్పత్రిలో ఆవిడ కొప్పులోంచి పడింది. నర్సు సంతకం ఉంది. అంటే ఆవిడ పడిపోయేసరికి ఎర్ర తాళం స్విచ్చికి వేసే ఉంది. మేస్త్రిగారూ, ఆ మేకుకున్న ఎర్ర తాళంలో ఏముంది?”

మేస్త్రి చూశాడు. చూస్తూనే వీపు గోడ మీంచి లేచింది. “చెవి ఉందమ్మా.”

“ఒక తాళానికి రెండు చెవులు. ఒకటి కొప్పులో, ఒకటి మేకుకున్న తాళంలో. రెండోది డూప్లికేటు. దాంతో ఎవరో తాళం తీసి, స్విచ్చి వేసి, మొండి కొట్టినట్టు అమర్చారు. తెరిచిన తాళంలోంచి చెవి రాదు. తాళం నొక్కేసి చెవి తీసుకుందామంటే, చెవి లేకుండా మూసుకున్న తాళం మేకుకు వేలాడితే ఈ గదిలో ఎవరికైనా అనుమానం వస్తుంది. అందుకని అలాగే వదిలేశారు, సందు చూసి తీసుకుందామని. గంట మోగింది, గదికి సీలు పడింది, సందు దొరకలేదు.”

ఇన్‌స్పెక్టరు గడియారం చూడ్డం మానేశాడు.

“మరి ఆ మనిషి డూప్లికేటు కోసం ఎందుకు పోయాడు? అసలు చెవి కొప్పులోనే ఉందిగా? వెతికాడు, కాని జేబుల్లో. కోటు జేబులు రెండూ తిరగబడి ఉన్నాయి. మేస్త్రికి కొప్పు సంగతి తెలుసు, చెల్లెలికి తెలుసు, మొండికి తెలుసు. వాళ్ళెవరైనా అయితే తిన్నగా కొప్పులో చెయ్యి పెట్టేవాళ్ళు. ఆవిడతో కూర్చుని పనిచేసి ఎనిమిదేళ్ళయినవాళ్ళకే అది గుర్తుండదు. రూలు తెలుసు, మనిషి తెలియదు.”

అందరి ముఖాలూ డైరెక్టరు వైపు తిరిగాయి.

“డైరెక్టరుగారూ, మీ బీరువాలో ఎర్ర తాళం డూప్లికేటు చూపిస్తారా? బీరువా చెవి మీ దగ్గర తప్ప ఎక్కడా ఉండదని నిన్న మీరే చెప్పారు.”

డైరెక్టరు లేవలేదు. జేబు మీద చెయ్యి వేసుకుని అలాగే కూర్చున్నాడు. “నేను కొట్టలేదు. సంతకం పెట్టమని చెయ్యి పట్టుకున్నాను, విదిలించుకుంది, తోశాను. అంతే. ఇన్నేళ్ళ పరిశోధన, ఒక యంత్రం వద్దంటే ఆగిపోవాలా? అది లోకానికి పనికొచ్చే తల!”

“ఆవిడ నేల మీద నెత్తుటిలో ఉంటే మీరు బీరువా దాకా పోయొచ్చారు,” అంది మేడమ్. “ఆ కాసేపట్లో గంట నొక్కలేకపోయారా? నేరం మోపడానికి మీరిచ్చిన కరెంటుతోనే మొండి ఆవిడ ప్రాణం నిలబెట్టింది. మీరు చేసిన మేలు అదొక్కటే, అదీ తెలియక చేసింది.”

చెల్లెలు అతని మీదికి రెండడుగులు వేసి ఆగింది. “తల్లిలాంటిదన్నావు కదరా,” అంది.

ఇన్‌స్పెక్టరు అతన్ని తన మనుషులకు అప్పగించి, మొండి వైపు తిరిగాడు. ఇప్పుడాయన గొంతు మెత్తగా ఉంది. “చూడు, నీ మీద ఏ అనుమానమూ లేదు. ఇప్పుడైనా ఆ తల కాస్త తెరవనిస్తే, ఆయన మాటలు దొరుకుతాయి, కేసు గట్టిపడుతుంది. నీ మంచికే.”

“వద్దు,” అంది మొండి. “నేను విన్నది చెప్తాను, రాసుకోండి.”

“యంత్రం వాంగ్మూలం రాసుకునే పద్ధతి లేదయ్యా.”

“తవ్వి తీసుకునే పద్ధతి ఉంది, అడిగి తెలుసుకునే పద్ధతి లేదా?”

గుమాస్తా జీవితంలో పోలీసులకు ఎదురు చెప్పింది లేదు. ఇప్పుడు మాత్రం ఆయన నోరు ఆయన ప్రమేయం లేకుండానే లేచింది. “రాసుకోండి సార్! చెల్లుతుందో లేదో కోర్టు చూసుకుంటుంది. రాయకపోతే చూడ్డానికేముంటుంది?”

మేడమ్ ఆయన వైపు చూసి చిన్నగా తల ఊపింది. ఆ తల ఊపు గురించి ఆ రాత్రి భార్యకు ఎన్నిసార్లు చెప్పాడో లెక్కలేదు. ఇన్‌స్పెక్టరు గొణుక్కుంటూ కాగితం తీశాడు. మొండి చెప్పింది, ఆయన రాశాడు, చదివి వినిపించాడు. రెండుచోట్ల మొండి తప్పు దిద్దించింది.

అంతా అయ్యాక అది మేస్త్రిని పిలిచింది. “భుజం బిగిస్తావా? ఆస్పత్రికి వెళ్ళాలి.”

మేస్త్రి స్విచ్చి ఆపి పసుపు తాళం వేశాడు. మూడు బోల్టులూ బిగించి, తాళం తీసి మళ్ళీ స్విచ్చి వేశాడు. అధ్యక్షురాలు కుర్చీలోంచి లేచింది. “ఆగండి. గేటు దాటించాలంటే కమిటీ అనుమతి కావాలి. సామాను బండి, కాగితాలు...”

“నేను సామాను కాదు,” అంది మొండి పీట దిగుతూ. “నడుస్తాను.”

“కాగితాలు మీరు రాసుకుంటూ ఉండండి,” అంది చెల్లెలు. “మేం పోతున్నాం.”

ఆపడానికి ఎవరి చెయ్యీ లేవలేదు. పదకొండేళ్ళలో మొదటిసారి మొండి పెద్ద గేటులోంచి పట్టపగలు వీధిలోకి వచ్చింది. పక్కన చెల్లెలు, వెనక మేడమ్, గుమాస్తా. కూడలిలో ఒక కారువాడు హారను మీద చెయ్యి తీయకుండా మోగించాడు. మొండి వాడి వైపు ఒకసారి చూసి, ఏ తొందరా లేకుండా రోడ్డు దాటింది. నడుస్తున్నంతసేపూ చెల్లెలు దాన్ని తిడుతూనే ఉంది. అసలు ఇంత మొండితనం ఎందుకు, ఏమైనా అయ్యుంటే అక్కకు ఏం చెప్పేదాన్ని అని. అది ఊ కొడుతూ నడిచింది.

వార్డు గుమ్మంలో నర్సు చేతులు అడ్డం పెట్టింది. “లోపలికి దగ్గరివాళ్ళకే. పుస్తకంలో రాయాలి.” ఆమె కలం తీసి మొండిని కిందినుంచి పైదాకా చూసింది. “ఇది... ఈయన... పేషెంటుకు ఏమవుతారు?”

“ఇంటిమనిషి,” అంది చెల్లెలు.

“మనిషి అని ఎలా రాయమంటారండీ?”

“పెన్నుతో,” అంది చెల్లెలు.

నర్సు రాసింది, పక్కకు జరిగింది.